అడగండి చెప్తా: జైలు నించి వచ్చిన మనిషికి ఇంట్లో ఏ పని చెప్పాలి

ఈ నెల ఉత్తరాల్లో నాలుగు ఒకే సంగతి మీద వచ్చాయి, అందుకని మిగతా ప్రశ్నలు వచ్చే నెలకి పెట్టి వీటికే చెప్తున్నా, మిగతావాళ్లు ఏమీ అనుకోవద్దు. పేర్లు వద్దని వాళ్లే రాశారు కాబట్టి ఏ వైపు వాళ్లో అంతవరకే వేస్తున్నా. నేను పేదలకి ఫ్రీగా లాయర్ని ఇచ్చే లీగల్ సర్వీసెస్ ఆఫీసు తరఫున వాలంటీర్‌గా నెల్లూరు దగ్గర చెముడుగుంట సెంట్రల్ జైలుకి పోయి వస్తుండేదాన్ని, తర్వాత బయటికి వచ్చినవాళ్లలో కొందరి ఇళ్లకీ పోయాను, అక్కడ కళ్లారా చూసినవే ఎక్కువ చెప్తా.

ప్రశ్న: అక్కా, మాది పొదిలి పక్కన పల్లె. మా ఆయనకి హత్య కేసులో యావజ్జీవం పడింది, 2009లో లోపలికి పోయినోడు ఈమధ్యనే రెమిషన్ మీద, అంటే ప్రభుత్వం మిగతా శిక్ష తగ్గించి వదిలితే బయటికొచ్చాడు. వచ్చాడని సంతోషమే కానీ ఈ మనిషితో ఎట్టా మసలుకోవాలో తెలియడం లేదు. తెల్లారి నాలుగున్నరకే లేచి దుప్పటి మడిచి దాని పక్కన కూర్చుంటాడు, ఎవరన్నా పిలిస్తే గానీ వాకిట్లోకి రాడు, బాత్రూంకి పోవాలన్నా పోవచ్చా అన్నట్టు నా మొహం చూస్తాడు. సాయంత్రం అయిదున్నరకే అన్నం పెట్టమంటాడు. లైటు ఆపితే నిద్ర పట్టదంటాడు. కూర ఏం చేయమంటావు అంటే నీ ఇష్టం అంటాడు, మళ్లీ అడిగితే కళ్లలో నీళ్లు పెట్టుకుంటాడు. పిల్లోడికి ఆయన పోయేటప్పుడు అయిదేళ్లు, ఇప్పుడు చీమకుర్తి క్వారీల్లో టిప్పర్ తోలుతున్నాడు, వాడు నాన్నా అని పిలవడం లేదు, ఇంటికి రావడమే తగ్గించాడు. నేను ఇన్నేళ్లు నాలుగు బర్రెలు పెట్టుకుని డ్వాక్రాలో లోన్లు తీసుకుని తీర్చుకుంటా వచ్చా, ఇప్పుడు మా అత్త మగోడు వచ్చాడు కదా లెక్కలన్నీ వాడికి అప్పజెప్పు అంటోంది. పైగా చనిపోయిన మనిషి వాళ్లు మా వెనక వీధిలోనే ఉంటారు. ఆయనకి మతి పోయిందా, డాక్టరుకి చూపించాలా, పెత్తనం ఇచ్చేయాలా, ఏం చేయమంటావు అక్కా?

జవాబు: చెల్లెమ్మా, మతి ఏం పోలేదు, ముందు ఆ భయం తీసెయ్. జైల్లో పొద్దున తలుపు తీసేది ఒకరు, సాయంత్రం తాళం వేసేది ఇంకొకరు, మధ్యలో వరసలో నిలబెట్టి లెక్క పెట్టేది ఇంకొకరు. ఎప్పుడు తినాలి ఎప్పుడు పడుకోవాలి ఏదీ మనిషి చేతిలో ఉండదు, చీకటి పడకముందే తినేసి బ్యారక్‌లోకి పోవాలి, రాత్రంతా లైటు వెలుగుతానే ఉంటుంది. పదిహేనేళ్ల పైన అట్టా బతికిన మనిషిని కూర ఏం చేయమంటావు అని అడిగితే ఆయనకి నోరు పెగలదు, ఎందుకంటే ఇన్నేళ్లలో ఆ మాట ఎవరూ అడగలేదు, అడిగిన మనిషికి ఏం చెప్తే తప్పవుద్దో అని భయం కూడా.

జైలు ఆయన దగ్గర లాగేసుకున్న వాటిల్లో అన్నిటికంటే పెద్దది సొంతంగా తేల్చుకునే అలవాటు. దాన్ని కొంచెం కొంచెంగా ఆయన చేతికి తిరిగి ఇవ్వాలి. మొత్తం ఒక్కసారే నెత్తిన పెట్టినా తట్టుకోలేడు, అసలేమీ ఇవ్వకుండా చుట్టాన్ని కూర్చోబెట్టినట్టు కూర్చోబెడితే ఆ మూలనే ఉండిపోతాడు. నేను చూసిన ఇళ్లల్లో ఎక్కువ చెడింది ఈ రెండోదాని వల్లే, పాపం చానా కష్టపడొచ్చాడు అని ఏ పనీ చెప్పరు, నీళ్లు కూడా చేతికందిస్తారు, ఆ ప్రేమ వల్లే మనిషి మంచం దిగడు.

రేపటినించి కూర ఏం చేయమంటావు అని అడగొద్దు, వంకాయలున్నాయి బీరకాయలున్నాయి ఏది కొయ్యను అని అడుగు. రెండిట్లో ఒకటి చెప్పడం వస్తే నాలుగు రోజులకి మూడోది తనే చెప్తాడు. సాయంత్రం బర్రెలకి మేత వేసే పని పూర్తిగా ఆయనకి వదిలెయ్, ఎంత వెయ్యాలో ఎప్పుడు వెయ్యాలో ఒకసారి చూపించి పక్కకొచ్చెయ్, తర్వాత పోయి సరిచేయొద్దు, ఎక్కువ వేసినా బర్రెకేం కాదు. ఇంటి తాళం చెవి ఇంకోటి చేయించి ఆయనకివ్వు. ఇది నేను గట్టిగా చెప్తున్నా, ఇన్నేళ్లు తాళం బయటినించి పడింది కదా, ఆ చెవి ఆయన మొలతాడుకో జేబులోనో ఉండాలి, రాత్రి తలుపు గడి ఆయనే పెట్టాలి. కొందరు గడి పెట్టి మళ్లీ లేచి తీసి చూసుకుంటారు, రెండు మూడుసార్లు చూసుకుంటారు, చూసుకోనీ, ఏమీ అనకు.

అన్నం అయిదున్నరకి అడిగితే అయిదున్నరకే పెట్టు, దాంట్లో పోయేదేం లేదు. మీరు తినేటప్పుడు మాత్రం ఆయన్ని కూడా పిలిచి ఒక గ్లాసు మజ్జిగ ఇచ్చి పక్కన కూర్చోబెట్టుకో, కొన్నాళ్లకి ఆకలి టైము దానంతట అదే జరుగుద్ది. జీరో బల్బు ఒకటి వెలగనీ. నువ్వూ ఆయనా ఒక గదిలో పడుకోవాలని అత్త తొందర పెడితే నువ్వేం తొందరపడకు, ఇద్దరూ ఒకరికొకరు కొత్తే ఇప్పుడు. ఇది సిగ్గుపడాల్సిన సంగతేం కాదు, చానా ఇళ్లల్లో ఇట్టానే ఉంటుంది కానీ ఎవరూ బయటికి చెప్పరు.

బయటికి కూడా నిదానంగా తిప్పాలి. ఆయన పోయినప్పుడు రాష్ట్రం ఒకటే, ఇప్పుడు తెలంగాణ వేరే. జేబులో వెయ్యి నోటు ఉండే రోజులవి, ఆ నోటు 2016 నవంబర్‌లో పోయింది, దాని తర్వాత వచ్చిన గులాబీ రంగు రెండు వేల నోటు 2023లో వెనక్కి తీసుకున్నారు, దాన్ని ఆయన చేత్తో పట్టుకుని కూడా ఉండకపోవచ్చు. పొదిలి సెంటర్లో టీ తాగడానికి తీసుకుపో. టీ కొట్టుకాడ డబ్బాలోంచి పది రూపాయలు వచ్చాయి అని గొంతు వినపడగానే ఉలిక్కిపడి ఎవరు పిలిచారా అని చూస్తాడు, అదేందో అక్కడే చెప్పు, ఇంటికొచ్చి నవ్వుకోవద్దు. రోడ్డు దాటేటప్పుడు బాగా జాగ్రత్త, ఒకాయనకి బండి ఎంత దూరంలో ఉందో ఎంత స్పీడుగా వస్తోందో అంచనా అందక డివైడర్ మీదే చానాసేపు నిలబడిపోవడం నేను చూశా, గోడల మధ్య ఉన్నన్నాళ్లు అంత దూరం చూసే పనే పడలేదు కదా. చేతికి రెండు వందలు ఇచ్చి ఏదో ఒకటి కొనుక్కురమ్మను, లెక్క అడగొద్దు.

ఇంక పెత్తనం. అత్త మాట వినకు, నేను మొహమాటం లేకుండా చెప్తున్నా. సంఘంలో లోను నీ పేరు మీద ఉంది, వాయిదా తప్పితే అడిగేది నిన్నే, పాల లెక్క తెలిసింది నీకే, ఇన్నేళ్లు ఇంటిని నిలబెట్టింది నువ్వు. పాస్‌బుక్కులు ఆయన చేతిలో పెడితే నీకూ దెబ్బే ఆయనకీ దెబ్బే. అలాగని దాచిపెట్టొద్దు. ఒక రోజు పక్కన కూర్చోబెట్టుకుని ఇదిగో ఇంత అప్పు ఉంది, ఇంత వస్తోంది, ఇంత పోతోంది అని మొత్తం చూపించెయ్. నేను పోయాక వీళ్లు ఎట్టా బతికారో అన్నది ఆయన్ని లోపల తినేస్తా ఉంటుంది, అడగడానికి నోరు రాదు. లెక్క చూపిస్తే ఆయనకి కోపం రాదు, ఏడుపు రావచ్చు.

పిల్లోడి సంగతికొస్తే వాడిని నాన్నా అని పిలవమని బలవంతం చేయొద్దు. వాడు స్కూల్లో జైలోడి కొడుకు అనిపించుకుని పెరిగుంటాడు, ఆ బాధ వాడి లోపల ఉంది. మీ ఆయనకి మాత్రం ఒక మాట చెప్పు, వాడికి సలహాలు మొదలుపెట్టొద్దని, తాగొద్దు లేటుగా రావొద్దు అని ఇప్పుడు అంటే వాడు ఎదురు తిరుగుతాడు. బర్రెల కొట్టం రేకులు మార్చే పనో ఇంకోటో ఇద్దరు పడితేగానీ అవ్వని పని చూసి ఇద్దరికీ పెట్టు. పని చేసేటప్పుడు ఆ రేకు ఇటు పట్టు, మేకు ఇటియ్యి అని మాటలు వాటంతట అవే వస్తాయి, పిలుపు తర్వాత సంగతి.

వెనక వీధి వాళ్ల గురించి నువ్వు ఒక్క ముక్కలో రాశావు గానీ నాకు అన్నిటికంటే ముఖ్యం అదే అనిపించింది. మీ ఆయన శిక్ష అనుభవించాడు, చట్టం దగ్గర తీరింది, కానీ వాళ్ల ఇంట్లో మనిషి తిరిగి రాడు. బయటికొచ్చిన సంతోషంలో బంధువులంతా చేరి గుడికి మేళం పెట్టించడాలు, భోజనాలు పెట్టడాలు ఏమీ చేయొద్దు, ఇప్పటికే చేసుంటే అంతటితో ఆపెయ్యండి. ఆ వీధిలోంచి పోకుండా వేరే దారి ఉంటే కొన్నాళ్లు అదే దారిలో పొమ్మను. పెద్దమనుషుల్ని పంపించి రాజీ మాటలు మాట్లాడించడం, క్షమాపణ చెప్పించడం మీ అంతట మీరు చేయొద్దు, వాళ్లు వినడానికి సిద్ధంగా లేనప్పుడు అది వాళ్ల గాయం మళ్లీ కెలకడమే. ఎప్పుడన్నా వాళ్లే మాట కలిపితే అప్పుడు తల వంచుకుని చెప్పాల్సింది చెప్పుకోవచ్చు.

విడుదల ఆర్డర్ కాగితం జాగ్రత్తగా తీసి చదివించుకోండి. రెమిషన్ మీద వదిలినప్పుడు షరతులు ఉంటాయి, ఫలానా గడువుకి ఒకసారి స్టేషన్‌కి వచ్చి కనపడాలని ఉంటే తప్పకుండా పోవాలి, షరతు తప్పితే ప్రభుత్వం ఆ రెమిషన్‌ని రద్దు చేసి మళ్లీ లోపలికి పంపొచ్చు, మిగిలిన శిక్ష అనుభవించాల్సి వస్తుంది. ఆ కాగితం నాలుగు జిరాక్సులు తీసి ఒకటి నీ దగ్గర పెట్టుకో. తర్వాత సచివాలయంలో రైస్ కార్డులో ఆయన పేరు ఎక్కించే పని చూడు. ఆధార్ 2010లో మొదలైంది కాబట్టి ఆయనకి ఉందో లేదో కనుక్కో, జైల్లో ఉండగా తీయించి ఉంటే సరే, లేకపోతే పెద్దవాళ్లకి కొత్తగా ఆధార్ అంటే వెరిఫికేషన్ పడుద్ది, టైం పడుద్ది, ఇవాళే మొదలుపెట్టండి. ఓటు కూడా, జైల్లో ఉన్నన్నాళ్లే వేయనివ్వరు, బయటికొచ్చాక శిక్ష పడిన మనిషికైనా ఓటు ఉంటుంది, లిస్టులో పేరు తీసేసి ఉంటే ఫారం 6 ఇస్తే మళ్లీ చేరుస్తారు. ఓటు వేసి వేలు మీద సిరా చూసుకుంటా కూర్చున్న మనిషిని నేను చూశాను కాబట్టి ఇది చిన్న సంగతి అనుకోవద్దంటున్నా.

డాక్టరు దగ్గరికి తీసుకుపో, మతి పోయిందని కాదు, బీపీ షుగర్ కళ్లు పళ్లు అన్నీ ఒకసారి చూపించాలి, దగ్గు విడవకుండా ఉంటే కఫం పరీక్ష చేయించాలి, టీబీ అయితే మందులు ఫ్రీనే. నిద్ర బొత్తిగా లేకపోయినా, బతకడం ఎందుకు అనే మాటలు వచ్చినా ఒక్క రోజు కూడా ఆగకుండా ఒంగోలు రిమ్స్‌లో మానసిక వైద్యం ఓపీకి తీసుకుపో. అర్ధరాత్రి అయితే 14416కి ఫోన్ చెయ్, టెలీ మానస్ అంటారు, తెలుగులోనే మాట్లాడతారు, డబ్బు కట్టక్కర్లేదు. నీకు నిద్ర పట్టకపోయినా అదే నంబరు.

ప్రశ్న: అక్కా నమస్తే. మాది కావలి వైపు. నాకు 23 ఏళ్లప్పుడు ఒక కేసులో ఇరికించారు, బెయిల్ రాలేదు, అయిదేళ్లు రిమాండ్‌లోనే ఉన్నా, చివరికి కోర్టు కేసు కొట్టేసింది. ఇప్పుడు బయటికొస్తే నా సిమ్ ఇంకెవరి దగ్గరో ఉంది, బ్యాంకు ఖాతా ఆగిపోయింది, నా బండి స్టేషన్ ముందర తుప్పు పట్టిపోతోంది, ఓటీపీ లేకుండా ఒక్క పనీ కావడం లేదు. కోర్టు వదిలేసినా ఊర్లో మాత్రం ఏదో చేసే ఉంటాడులే అంటున్నారు. ఒక సంబంధం వచ్చింది, వాళ్లకి చెప్పొద్దు పెళ్లయ్యాక చూసుకుందాం అని మా బాబాయి అంటున్నాడు. పోయిన అయిదేళ్లకి నష్టపరిహారం ఏమన్నా వస్తదా?

జవాబు: తమ్ముడూ, ముందు కాగితాలు, తర్వాత మనుషులు. తీర్పు సర్టిఫైడ్ కాపీ కోర్టు కాపీయింగ్ సెక్షన్‌లో అప్లై చేసి రెండు తీసుకో, ఒకటి ఇంట్లో బీరువాలో పెట్టు, ఇంకోటి నీతో తిప్పుకోవడానికి. అంతా దాని మీదే నడుస్తుంది. కొట్టేసిన తర్వాత పై కోర్టు నోటీసు ఇస్తే వస్తానని ఆరు నెలలకి బాండు రాయించుకుని ఉంటారు, ఆ ఆరు నెలలు ఊరు మారితే లాయరుకి చెప్పి మారు.

సిమ్ పోయిందని రాశావు, వాడకుండా వదిలేసిన నంబరు కంపెనీవాళ్లు ఇంకొకరికి ఇచ్చేస్తారు, దాని కోసం తిరగొద్దు. ఆధార్‌తో వేలిముద్ర వేసి కొత్త సిమ్ తీసుకో, తర్వాత ఆధార్ సెంటర్‌కి పోయి ఆ నంబరు ఎక్కించుకో, వేలిముద్రలు ఫొటో కూడా అక్కడే అప్‌డేట్ చేయించుకో, ఆ తర్వాతే బ్యాంకు. ఈ వరస తప్పితే ఒక్కో ఆఫీసు ఇంకో ఆఫీసుకి పంపిస్తా ఉంటుంది. బ్యాంకులో రెండేళ్లు లావాదేవీ లేకపోతే ఖాతాని పక్కన పెడతారు, అంతేగానీ డబ్బు యాడికీ పోదు, కేవైసీ కాగితాలు ఇస్తే మళ్లీ తెరవాలి, దానికి చార్జీ తీసుకోకూడదు. పదేళ్లు దాటినా కూడా డబ్బు రిజర్వు బ్యాంకు నిధికి పోతుందే గానీ హక్కు పోదు, బ్యాంకు ద్వారానే అడిగి తెచ్చుకోవచ్చు, ఇది నీకంటే ఎక్కువ ఏళ్లు ఉన్నోళ్లకి పనికొస్తుందని చెప్తున్నా. బండికైతే స్టేషన్ చుట్టూ తిరగడం దండగ, కేసు జరిగిన కోర్టులోనే ప్రాపర్టీ రిటర్న్ పిటిషన్ వేయించు, ఆర్సీ జిరాక్సు పెట్టు, తీర్పులోనే బండి ఎవరికివ్వాలో రాసి ఉండొచ్చు, చివరి పేజీలు చదివించు.

నష్టపరిహారం దగ్గర నీకు లేనిపోని ఆశ పెట్టను. తప్పు కేసులో జైల్లో పెట్టినందుకు ఇంత ఇవ్వాలి అని మన దగ్గర ప్రత్యేకంగా చట్టం లేదు, తేవాలని లా కమిషన్ 2018లో 277వ రిపోర్టులో చెప్పింది, ఇప్పటికీ రాలేదు. 1983లో సుప్రీంకోర్టు బీహార్‌కి చెందిన రుదుల్ షా అనే ఆయనకి 30 వేలు ఇప్పించింది, ఆయన కథ వింటే కడుపు రగిలిపోతుంది, 1968లో నిర్దోషి అని తీర్పు వచ్చాక కూడా 14 ఏళ్లు జైల్లోనే ఉంచేశారు. అప్పటినించి కోర్టులు అక్కడక్కడా ఇప్పిస్తున్నాయి కానీ దానికి పోలీసులు కావాలని చేశారని గట్టిగా చూపించగలగాలి. నీ తీర్పులో జడ్జి దర్యాప్తు గురించి ఏమన్నా ఘాటుగా రాశారా అన్నది ఒక మంచి లాయరుతో చదివించు, రాసి ఉంటే ఆలోచించు, సాక్ష్యం చాలలేదు అనే ఉంటే దాని కోసం ఇంకో అయిదేళ్లు కోర్టు మెట్లు ఎక్కొద్దు, నీ వయసు నీకు ముఖ్యం.

ఏదో చేసే ఉంటాడులే అనేవాళ్ల గురించి. 2022 చివరికి దేశం మొత్తం మీద జైళ్లల్లో 5,73,220 మంది ఉంటే అందులో 4,34,302 మంది ఇంకా నేరం రుజువు కాని విచారణ ఖైదీలే, అంటే జైల్లో ఉన్నాడు అన్నదానికీ నేరం చేశాడు అన్నదానికీ చానా దూరం. ఇది నీ కావలికి ఎవరూ చెప్పక్కర్లేదు. ఎరుకల కులంలో పుట్టడమే నేరం అన్నట్టు 1911 నాటి నేరస్థ తెగల చట్టం కింద ఎన్ని కుటుంబాల్ని కావలి సెటిల్‌మెంట్ అనే కాపలా కాలనీలో పెట్టి హాజరు వేయించుకున్నారో మీ ఊరి పెద్దోళ్లకి తెలుసు. అట్టాంటి చట్టం 1952 ఆగస్టు 31కల్లా దేశమంతా పోయింది, పోయి ఇన్నేళ్లయినా ఆ మనవళ్లకి, మునిమనవళ్లకి ఆ మాట తప్పలేదు. అందుకని ఊరి నోరు తీర్పు కాపీ చూపిస్తే మూతపడుద్ది అని నేను అనను, అందరికీ చూపిస్తా తిరగొద్దు, అడగనివాడికి సంజాయిషీ చెప్పొద్దు. ఉద్యోగానికి అప్లికేషన్ నింపేటప్పుడు కేసుల కాలమ్ ఉంటే మాత్రం కేసు ఉండేది, కొట్టేశారు అని ఉన్నదున్నట్టు రాయి, దాచినందుకే ఉద్యోగం పోయినవాళ్లు ఉన్నారు.

పెళ్లి సంబంధం విషయంలో మీ బాబాయి మాట తప్పు. అమ్మాయికి చెప్పు, అమ్మానాన్నలకి చెప్పడం వేరే, అమ్మాయికి నువ్వే చెప్పు, తీర్పు కాపీ చేతికిచ్చి చదువుకోమను. పెళ్లయ్యాక ఎవరో ఒకరు చెప్తారు, అప్పుడు ఆ పిల్ల జైలు గురించి బాధపడదు, దాచినందుకు బాధపడుద్ది. ఈ సంబంధం పోతే పోనీ. తెలిసి ఒప్పుకున్న మనిషితో అయితే ఒకరోజు రాత్రి నిద్రలో కేక పెట్టి లేచినా ఎందుకని అడగదు.

ప్రశ్న: మేడమ్, నాకు ఒంగోలులో చెక్క పని షెడ్డు ఉంది, తలుపులు కిటికీలు మంచాలు చేస్తాం. జైల్లో కార్పెంటరీ నేర్చుకుని వచ్చిన ఒకాయన పనికి వచ్చాడు, చేయి చానా నీటుగా ఉంది, శిక్ష పూర్తి చేసుకుని వచ్చానని తనే చెప్పాడు. ఉన్న పనోళ్లు గొణుగుతున్నారు, మా ఇంటావిడ వద్దంటోంది. పెట్టుకోవచ్చా, చట్టం ప్రకారం ఏమన్నా ఇబ్బందా?

జవాబు: అన్నా, చట్టం ప్రకారం ఏ ఇబ్బందీ లేదు, శిక్ష అయిపోయిన మనిషిని పనిలో పెట్టుకోవద్దని ఎక్కడా లేదు. అడక్కుండానే చెప్పాడంటే సగం పరీక్ష ఆయనే రాసేశాడు. పెట్టుకోండి.

కానీ పెట్టుకుంటే సరిగ్గా పెట్టుకోండి. జైలు నించి వచ్చాడు కదా ఎంతిచ్చినా చేస్తాడు అని మిగతావాళ్లకంటే తక్కువ కూలి ఇవ్వడం చానా చోట్ల చూస్తున్నా, అది ఆ మనిషి అవసరాన్ని వాడుకోవడం, మీరు ఆ పని చేయొద్దు. అదే పనికి అదే కూలి. మొదట్లో కస్టమర్ల ఇళ్లకి ఫిట్టింగ్‌కి ఒంటరిగా పంపకుండా ఇంకొకరితో పంపండి, ఇది ఆయన కోసమే, ఎవరి ఇంట్లో ఏ ఉంగరం కనపడకపోయినా ముందు చూసేది ఆయన వైపే కాబట్టి పక్కన ఒక మనిషి ఉండడం ఆయనకి రక్షణ. షెడ్డు తాళాలు కూడా మొదటి నెలలో ఇవ్వక్కర్లేదు, కానీ ఎప్పటికీ ఇవ్వకుండా ఉండొద్దు, మిగతా పనోళ్లకి ఎప్పుడు ఇస్తారో అప్పుడే ఇయ్యండి.

పనోళ్లకి మీరే ఒకసారి చెప్పండి, ఆయన శిక్ష అయిపోయింది, ఇక్కడ ఎవరి పనిని బట్టి వాళ్లకి విలువ, దీని మీద మళ్లీ మాట రాకూడదు అని. యజమాని నోటినించి ఒకసారి వస్తే గొణుగుడు తగ్గుద్ది, మీరే గుసగుసగా మాట్లాడితే పెరుగుద్ది. కస్టమర్లకి మాత్రం చెప్పక్కర్లేదు, అది ఆయన సొంత విషయం. ఏ కేసులో పోయాడు అని పదేపదే అడగొద్దు. అడ్వాన్సు అడిగితే ఎక్కువ మొత్తం ఒకేసారి ఇవ్వొద్దు, వారం వారం కూలి ఇయ్యండి, డబ్బు నడపడం మర్చిపోయి ఉంటాడు, చుట్టాలు కూడా మీద పడతారు. మొదట్లో చిన్న చిన్న వాటికి కూడా వచ్చి సార్ ఇది కొయ్యనా, సార్ నీళ్లు తాగొచ్చా అని అడుగుతాడు, విసుక్కోకుండా నీ ఇష్టం అన్నా నువ్వే చూసుకో అనండి. పైన పొదిలి చెల్లెమ్మకి రాసింది మీరూ చదవండి, మీ ఇంటావిడకీ చదివించండి.

ప్రశ్న: అమ్మా, నేను కోవూరు దగ్గర ఉంటాను, కూలి పని. మా చిన్నోడు దొంగతనం కేసులో రిమాండ్‌లో ఉన్నాడు, అదే మొదటి కేసు, ఏడాది దాటిపోయింది. బెయిల్ వచ్చిందన్నారు గానీ జామీనుకి ఎవరూ రావడం లేదు, ఇల్లు పొలం ఉన్నోళ్లు కావాలంట. లాయరుకి ఇచ్చుకోవడానికి నా దగ్గర ఏమీ లేదు. వాడు వస్తే మళ్లీ అదే స్నేహాలు పడతాడని ఇంకో భయం.

జవాబు: పెద్దమ్మా, నెల్లూరు కోర్టు ఆవరణలో జిల్లా లీగల్ సర్వీసెస్ ఆఫీసు ఉంటుంది, అక్కడికి పో, లేదా 15100కి ఫోన్ చెయ్. జైల్లో ఉన్న మనిషికి ఆస్తి ఉన్నా లేకపోయినా ఫ్రీగా లాయర్ని ఇవ్వాలని 1987 లీగల్ సర్వీసెస్ చట్టంలోనే ఉంది. అక్కడ రెండు మాటలు అడుగు. ఒకటి, బెయిల్ వచ్చి వారం దాటినా బయటికి రాలేదు అని చెప్పు, అట్టాంటి వాళ్ల సంగతి లీగల్ సర్వీసెస్ వాళ్లు చూడాలని సుప్రీంకోర్టు 2023 జనవరిలో చెప్పింది, జామీను షరతు తగ్గించమని వాళ్లే పిటిషన్ వేస్తారు, పేద ఖైదీల పథకం కింద కేసుని బట్టి జామీను డబ్బు ప్రభుత్వమే కట్టే వీలు కూడా ఉంది. రెండోది, మొదటిసారి కేసు పడినోడు ఆ నేరానికి ఉన్న గరిష్ట శిక్షలో మూడో వంతు రిమాండ్‌లోనే గడిపేస్తే వదలాలని సీఆర్పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్‌లో 479 సెక్షన్ ఉంది, మూడేళ్ల శిక్ష ఉండే దొంగతనం అయితే ఏడాదికే అది వర్తిస్తుంది, పాత కేసులకి కూడా వర్తిస్తుందని సుప్రీంకోర్టు 2024 ఆగస్టులో చెప్పింది. వేరే కేసులు కూడా నడుస్తుంటే మాత్రం ఇది పనికిరాదు, అందుకని ఏ సెక్షన్లు పెట్టారో లాయరుతో చూపించుకో.

స్నేహాల భయం నిజమైందే. వాడు గేటు బయటికి వచ్చే టైముకి నువ్వు గానీ మీ అన్నగారో మీ వాళ్లో ఒకరు గానీ చెముడుగుంటలో ఉండాలి, ఎవరూ లేకపోతే ఆ స్నేహితులే బండేసుకుని వస్తారు. విడుదల ఆర్డర్ జైలుకి చేరిన రోజే వదిలేస్తారని గ్యారంటీ లేదు, సాయంత్రం లెక్క అయ్యేలోపు చేరకపోతే మర్నాటికి పోతుంది, కాబట్టి రెండు రోజులకి సరిపడా కూలి పని మానుకునేట్టు చూసుకుని పో. ములాఖత్‌కి, అంటే జైల్లో వాడిని చూడ్డానికి పోయినప్పుడు ఇప్పుడే అడుగు, ఒరే వచ్చాక ఏ పని చేస్తావు, వేరే ఊర్లో మన చుట్టాల దగ్గర ఉంటావా ఇంటికొస్తావా అని. వాడు చెప్పింది నీకు నచ్చకపోయినా కొట్టిపారేయకుండా విను, వారం తర్వాత పోయినప్పుడు మళ్లీ అడుగు. ఆధార్ కార్డు లేకపోతే జైలు వాళ్లు ఇచ్చే కాగితం మీద లోపలే తీయించుకునే వీలుంది, ఆ సంగతి జైలు ఆఫీసులో అడుగు, వచ్చేనాటికి అది చేతిలో ఉంటే పనికి పెట్టేవాళ్లు పెడతారు.